ఎవరూ ఏమీ అనలేదు

ఆ వీధిలో చిన్నా పెద్దా అందరూ ఆయన్ని తాళాలాయన అనే పిలిచేవాళ్ళు. పుట్టినప్పుడు పెట్టిన పేరు ఒకటుండేది గానీ, అది ఎవరైనా అడిగితే వాళ్ళావిడ కూడా ఒక్క క్షణం ఆగి గుర్తు తెచ్చుకోవాల్సిందే.

నాలుగంతస్తుల భవనానికి మెట్లు కట్టగా కింద మిగిలిన జాగాలో ఆయన కొట్టు. మధ్యలో నిలబడి చేతులు చాపితే రెండు గోడలూ తగిలేవి. గోడల నిండా మేకులకు వేలాడే, ఇంకా పళ్ళు కొయ్యని తాళంచెవులు. ముందు చెవులు కోసే మిషను, దాని కింద ఎప్పుడూ రాలుతుండే ఇత్తడి పొడి. సాయంత్రం ఇంటికెళ్తే ఆ పొడి జుట్టులో మెరిసేది. "ఇంటికి బంగారం తెస్తున్నాడు మీ నాన్న" అని వాళ్ళావిడ కూతురితో వేళాకోళం ఆడేది.

పెద్ద సంపాదనేం కాదు. కానీ ఆ పనిలో ఆయనకొక గర్వం ఉండేది. ఎవరింటికైనా తాళం బిగించడానికి వెళ్తే, ఇంటివాళ్ళు "నువ్వు కానివ్వు, నేనలా బజారుకెళ్ళొస్తా" అని ఇల్లు ఆయనకొదిలేసి వెళ్ళిపోయేవాళ్ళు. బల్ల మీద వాచీ బల్ల మీదే, తెరిచిన బీరువా తెరిచినట్టే. కన్న కొడుకు ఇంట్లో ఉంటే కూడా బీరువాకి తాళమేసుకునే మనుషులు ఆయన దగ్గర వేసేవాళ్ళు కాదు.

అలాంటి ఇళ్ళలో ఒకటి హెడ్‌మిస్ట్రెస్ మేడమ్‌ది. బడి నుంచి రిటైరై, భర్త పోయాక, వీధి చివరి ఇంట్లో పైఅంతస్తులో ఒంటరిగా ఉండేదావిడ. ముందు తలుపు తాళం మొరాయిస్తోందని కబురు చేస్తే వెళ్ళి, అది అరిగిపోయిందని చూపించి, కొత్తది బిగించాడు. తాళంతో వచ్చిన చెవులన్నీ ఆవిడ చేతిలోనే పెట్టాడు. ఆవిడ టీ ఇచ్చింది. ఎప్పటిలాగే నిలబడి కాకుండా కూర్చుని తాగమంది. అంతే జరిగింది.

తర్వాత ఆవిడ చెల్లెలింటికి వెళ్ళింది. తిరిగొచ్చేసరికి పడగ్గదిలో బీరువా బార్లా తెరిచి ఉంది. గాజులు లేవు. గొలుసులు లేవు. పోయిన భర్త చేతి వాచీ లేదు. ముందు తలుపు మాత్రం వేసింది వేసినట్టే ఉంది. తాళం మీద గీతైనా పడలేదు.

ఎస్సై వచ్చి, తాళం చూసి, "పగలగొట్టలేదంటే చెవితోనే తెరిచారు" అన్నాడు. ఈమధ్య ఇంట్లోకి ఎవరెవరొచ్చారని అడిగాడు. మేడమ్ గుర్తు తెచ్చుకుని చెప్పింది: గ్యాస్ తెచ్చినవాడు, పక్కింటావిడ, తాళాలాయన. మూడో మాట విన్నాక ఎస్సై మొదటి రెండూ మర్చిపోయాడు.

వీధిలో మనుషులు బాగా తిరిగే వేళ జీపొచ్చి కొట్టు ముందు ఆగింది. "కాస్త మాట్లాడాలి, రా" అన్నారు. మిషను మీదున్న చెవి సగం కోసి ఉండగానే జీపెక్కాడు. స్టేషన్లో ఎస్సై మర్యాదగానే కూర్చోబెట్టాడు.

"ఈ రకం తాళం చెవి లేకుండా తెరవొచ్చా?"

"పని తెలిసినవాడు తెరవొచ్చండీ."

"నీకు తెలుసా?"

"తెలుసండీ. అదే కదా నా పని."

ఎస్సై రాస్తున్నవాడు తలెత్తి చూశాడు. ఆ చూపు చూశాక గానీ తానేమన్నాడో తాళాలాయనకి అర్థం కాలేదు. "అంటే... తెలుసు గానీ, నేను తియ్యలేదండీ" అన్నాడు. అది ఇంకా అధ్వాన్నంగా వినిపించింది. ఆ తర్వాత నోరు తెరిస్తే ఒక తంటా, మూస్తే ఒక తంటా అయింది. వివరంగా చెబితే "ఎన్ని తెలుసయ్యా నీకు!" అంటారు. ముక్తసరిగా చెబితే "ఏదో దాస్తున్నాడు" అంటారు.

ఇల్లు వెతికారు. కొట్టు వెతికారు. ఏమీ దొరకలేదు. పరీక్షకని మిషనూ పనిముట్లూ పట్టుకెళ్ళారు. కేసు పెట్టలేదు, కొట్టలేదు, పొద్దువాలే వేళకి ఇంటికి పొమ్మన్నారు. ఆయన నడుచుకుంటూ పక్కసందులోంచి ఇంటికొచ్చాడు. అదే ఆయన చేసిన తప్పేమో. తీసుకెళ్ళడం వీధంతా చూసింది. వదిలిపెట్టడం ఎవరూ చూడలేదు.

మర్నాటి నుంచి అసలు కథ మొదలైంది. దాన్ని కథంటే కూడా ఎవరూ ఒప్పుకోరు, ఎందుకంటే ఏమీ జరగలేదు మరి. ఎవరూ తిట్టలేదు. ఎవరూ దొంగా అని వేలెత్తి చూపలేదు. కొట్టు మీద రాయి వెయ్యలేదు. మనుషులు రావడం మానేశారు, అంతే. తాళంచెవులు కోసే మనిషి గురించి వీధంతా చెవులు కొరుక్కుంటోందని ఆయనకి తెలుస్తూనే ఉంది. ఆయన దగ్గరికొచ్చేసరికి అందరి నోళ్ళలోనూ వాతావరణమే: ఎండలు ముదిరాయి, దుమ్ము ఎక్కువైంది.

మొదట్లో పోలీసుల దగ్గర మిషనుండిపోయింది కాబట్టి బేరాల్లేవని సర్దిచెప్పుకున్నాడు. బెల్టు తెగిపోయి మిషను తిరిగొచ్చింది. బాగుచేయించుకుని కూర్చున్నాడు. ఈగలు తోలుకున్నాడు.

ఒకరోజు వీధిలో నడుస్తూ ఒక గేటు ముందు ఆగిపోయాడు. తాను బిగించిన తాళం లేదు. దాని జాగాలో కొత్తది, ఇంకా నూనె మెరుపు పోనిది ఉంది. పక్కింటి తలుపూ చూశాడు. అక్కడా కొత్తదే. ఆ వరుసలో ప్రతి తలుపుకీ తన చేత్తో పెట్టిన తాళమే ఉండేది. కళ్ళు మూసుకుని చెప్పగలడు ఏది ఎప్పుడు పెట్టాడో. ఒక్కటీ లేదు. పక్కవీధిలో తాళాలు బిగించే కుర్రాడి స్కూటరు ఆ వారమంతా తమ వీధిలో ఎందుకు తిరుగుతోందో అప్పుడర్థమైంది. తల కొట్టేసినట్టయింది.

కొట్టుకెదురుగా మందుల షాపు. ఆ షాపాయన ఎప్పుడూ జోకులేసే మనిషి. కిందటేడే ఆయన షట్టరుకి తాళాలాయనే రెండు గట్టి తాళాలు పెట్టాడు. అవీ మారిపోయాయి. తాళాలాయన రోడ్డు దాటి వెళ్ళి ముఖానే అడిగాడు.

"తాళాలెందుకు మార్చారండీ?"

"పాతబడ్డాయి కదయ్యా."

"కిందటేడు పెట్టినవి."

"అలాగా? మరి తుప్పు..." అని షాపాయన నీళ్ళు నమిలాడు.

"నేను తీశాననుకుంటున్నారా? ఉన్నమాట చెప్పండి. ఏమీ అనుకోను."

"ఛ ఛ! ఎంత మాట! నీ గురించి మాకు తెలీదా? ఎవరైనా ఏమన్నా అన్నారా నిన్ను?"

అదే వచ్చిన చిక్కు. ఎవరూ ఏమీ అనలేదు. అంటే బాగుండేది. అన్నవాడి చొక్కా పట్టుకునుండేవాడు, లేదా వాడి కాళ్ళు పట్టుకునుండేవాడు. ఏదో ఒకటి పట్టుకోవడానికి దొరికేది.

వాళ్ళావిడ తమ్ముడు ఓదార్చడానికొచ్చాడు. టిఫిను తిని, టీ తాగి, దగ్గరికి జరిగి గొంతు తగ్గించాడు. "బావా, నువ్వు తియ్యలేదని నాకు తెలుసు. నా కంటే ఎవరికి తెలుసు! కానీ ఒకవేళ తీసుంటే మాత్రం ముందు నాకే చెప్పు. నాకు తెలిసిన లాయరొకడున్నాడు, చాలా గట్టివాడు."

తాళాలాయన లేచి పెరట్లోకి వెళ్ళిపోయాడు. పళ్ళు నూరుకుంటూ కొళాయి తిప్పి, అవసరం లేకపోయినా బకెట్టు నింపాడు.

కూతురు ఒక ల్యాబులో రక్తపరీక్షలు చేసే ఉద్యోగం చేస్తోంది. ఆ పిల్లకి ముక్కు మీదే కోపం. "ఊరొదిలేసి పోదాం నాన్నా. ఈ దిక్కుమాలిన వీధిలో ఏముంది మనకి?" అంది.

"పోతే నిజమే అనుకుంటారమ్మా."

"ఉంటే అనుకోవట్లేదా?"

ఆయన చెప్పులేసుకుని కొట్టుకి బయల్దేరాడు.

అవన్నీ ఒక ఎత్తు. ఒక మధ్యాహ్నం వాళ్ళావిడ ఆరిన బట్టలు మడతపెడుతూ, తలెత్తకుండా అడిగిన మాట ఒక ఎత్తు.

"ఒక్కటి చెప్పండి. కోప్పడొద్దు. ఆ మేడమ్ గారి తాళానికి... మీ దగ్గర ఇంకో చెవేం ఉండిపోలేదు కదా? పొరపాటున?"

పొరపాటున అనే మాట ఆయన మీద జాలితో చేర్చింది. అదే గుచ్చుకుంది. ఇన్నేళ్ళ కాపురంలో ఆవిడ ఆయన్ని ఉప్పు తెమ్మంది, పప్పు తెమ్మంది, జుట్టు కత్తిరించుకోమంది, ఇలాంటిది అడగలేదు. ఆయన అరవలేదు. "లేదు" అన్నాడు. ఆవిడ "అలాగే" అంది. ఇద్దరూ కలిసి మిగిలిన దుప్పటి మడతపెట్టారు, చెరో కొసా పట్టుకుని. ఆ రోజు నుంచి ఇంట్లో అవసరమైన మాటలే మిగిలాయి. అన్నం పెట్టాను. వస్తున్నాను. నీళ్ళొచ్చాయి.

కొట్టు అద్దె కట్టడం దండగనిపించి మూసేశాడు. మిషను అమ్మేశాడు. ఊరికి అవతలి చివర ఒక ఇనుప సామాన్ల గోడౌన్లో పని దొరికింది. మేకులు తూచి సంచులకెత్తడం, తలుపు బందులు జతలు కట్టి పెట్టెల్లో సర్దడం. గోడౌన్ వెనక గదిలో, కిటికీ లేని చోట. యజమాని మంచివాడే గానీ, సాయంత్రం వెళ్ళేటప్పుడు అందరి సంచులూ చూసేవాడు. అందరివీ చూసినట్టే తనదీ చూస్తున్నాడని తెలుసు. అయినా తన వంతు వచ్చేసరికి అడక్కముందే సంచి బోర్లించి చూపించేవాడు.

అలా, జీపొచ్చిన రోజు నుంచి లెక్కేస్తే, ఏడాది గడిచిపోయింది.

ఒకరోజు గోడౌనుకి తలుపు గడియ కొనడానికి ఒక కానిస్టేబులొచ్చాడు. ఆనాడు జీపులో పక్కన కూర్చున్నవాడే. గుర్తుపట్టి పలకరించాడు.

"ఇక్కడున్నావేంటి? కొట్టు ఎత్తేశావా? అయ్యో, నీ సంగతి తేలిపోయిందిగా!"

"ఏం సంగతి?"

"ఆ మేడమ్ ఇంటి దొంగ దొరికాడు కదయ్యా. వేరే ఊళ్ళో ఇంకేదో ఇంట్లో పట్టుబడి, పాతవన్నీ ఒప్పుకున్నాడు. వెనక పైపు పట్టుకుని ఎక్కి, స్నానాల గది కిటికీ అద్దాలు ఒక్కొక్కటీ తీసి దూరాడట. పోతూ పోతూ మళ్ళీ అన్నీ బిగించి పోయాడు. ఎంత శుభ్రమైన దొంగో చూడు! బంగారం కరిగిపోయింది గానీ వాచీ దొరికింది. ఆవిడకిచ్చేశాం కూడా. వానలకి ముందే. నీకు తెలీదా?"

వానలు వచ్చి వెళ్ళి, చలికూడా తగ్గుముఖం పట్టింది. తాళాలాయన చేతిలో గడియ అలాగే ఉండిపోయింది. సంతోషం వస్తుందనుకున్నాడు. ఈ మాట వినాలని ఏడాదంతా చెవులు కాయలు కాచేలా ఎదురుచూశాడు. రాలేదు. సంతోషానికి బదులు కోపమే వచ్చింది.

సగం పూట సెలవు పెట్టి తిన్నగా స్టేషనుకెళ్ళాడు. అదే ఎస్సై, అదే బల్ల.

"నేను దొంగను కానని ఒక కాగితం ఇవ్వండి సార్. మీ ముద్రేసి."

"దేనికి?"

"గోడకి తగిలించుకుంటాను."

ఎస్సై నవ్వాపుకున్నాడు. "నీ మీద కేసే పెట్టలేదు కదయ్యా. లేని కేసులో నిర్దోషివని ఎలా రాయను? నువ్వు మా లెక్కలో అప్పుడూ మంచోడివే, ఇప్పుడూ మంచోడివే."

"మరి జీపెక్కించి తీసుకొచ్చారు కదండీ!"

"విచారించాం. విచారించడం నేరం మోపడం కాదు."

"ఆ ముక్క మా వీధికొచ్చి చెప్పండి సార్. జీపులోనే రండి. హారన్ కొట్టుకుంటూ రండి, అప్పుడొచ్చినట్టే."

"పని చూసుకో పో" అన్నాడు ఎస్సై, ఈసారి నవ్వకుండా.

అక్కణ్ణుంచి మేడమ్ ఇంటికెళ్ళాడు. మెట్లెక్కుతుంటేనే కనిపించింది, ముందు తలుపుకి కొత్త తాళం. ఆవిడ తలుపు తీసి, ఆయన్ని చూసి, ఒక అడుగు వెనక్కి వేసింది. చేతికి మగవాళ్ళ వాచీ, వదులుగా వేలాడుతూ.

"దొరికిందటగా" అన్నాడు.

"కూర్చో" అంది.

"కూర్చోనండీ. వానలకి ముందే దొరికిందట. నాకొక్క మాట చెప్పించలేకపోయారా?"

ఆవిడ వాచీ వైపు చూసుకుంది. "నేను ఏ రోజూ నిన్ను దొంగవనలేదు. ఇంట్లోకి ఎవరొచ్చారని అడిగితే వచ్చినవాళ్ళని చెప్పాను. అబద్ధం చెప్పమంటావా?"

"వద్దండీ. నిజమే చెప్పారు. దొంగ దొరికాక కూడా నిజం చెప్పుంటే సరిపోయేది."

"ఏ మొహం పెట్టుకుని రాను? ఇవాళ వద్దాం, రేపు వద్దాం అనుకున్నాను. నువ్వు కొట్టు మూసేశావు. ఇక కెలకడం ఎందుకులే, మర్చిపోయుంటావులే అనుకున్నాను." ఆగి, మెల్లగా అంది, "ఈ తాళం తీసేసి నీ తాళమే మళ్ళీ పెట్టు. ఇవాళే పెట్టు."

ఆయనకి ఒళ్ళు మండిపోయింది. "నాకు తాళం బేరమక్కర్లేదండీ! మాట కావాలి. నాతో వీధిలోకి రండి. నాకు చెప్పిన ముక్క వాళ్ళకి చెప్పండి."

ఆవిడ వెంటనే ఒప్పుకోలేదు. మోకాళ్ళ నొప్పులన్నది, ఎండన్నది. చివరికి చెప్పులు వేసుకుంది.

మొదట మందుల షాపు. మేడమ్ చెప్పాల్సింది చెప్పింది. షాపాయన చీటీలోంచి తలెత్తి, "ఆఁ, విన్నాం మేడమ్. అప్పుడే విన్నాం. మీ వాచీ దొరికిందటగా, సంతోషం" అన్నాడు.

"అప్పుడే విన్నారా?" అన్నాడు తాళాలాయన.

"వినకపోయినా మాకు తెలుసు కదయ్యా నువ్వెలాంటివాడివో."

పక్కనున్న బట్టల ఇస్త్రీ ఆవిడ పెట్టె పక్కన పెట్టి, "అయ్యో, మీకు ఒంట్లో బాగాలేక కొట్టు మూసేశారనుకున్నామే! మా ఆయన కూడా అదే అన్నాడు, పాపం బీపీ అని" అంది. మెట్ల మీంచి దిగుతున్న పైవాటా గుమాస్తా ఆగి, విషయం విని, "ఎవరన్నారండీ ఇతన్ని దొంగని? మా వీధిలోనా? ఎవరో చెప్పండి, అడుగుదాం" అని చొక్కా చేతులు కూడా పైకి మడిచాడు.

తాళాలాయన ఆ మొహాలు ఒక్కొక్కటే చూశాడు. అందరూ నిజంగానే చెబుతున్నట్టున్నారు. ఏడాదిపాటు తన బతుకు నలిగిపోయింది. నలిపినవాళ్ళు మాత్రం ఒక్కరూ లేరు. తనే తన కాళ్ళ కింద పడి నలిగినట్టుంది.

అప్పుడు మేడమ్ అందుకుంది. బడిలో వెనక బల్లల దాకా వినిపించిన గొంతు, ఇన్నేళ్ళ తర్వాత కూడా అలాగే ఉంది.

"ఎవరూ అనలేదు! ఎవరూ అనలేదు! అనలేదు సరే, అనుకున్నాం కదా? నేను అనుకున్నాను. ఇతనికి టీ ఇచ్చిన చేత్తోనే, దొంగతనం బయటపడ్డ మర్నాడు తాళం మార్పించుకున్నాను, అనుకోకపోతే ఎందుకు మార్పిస్తాను? నువ్వెందుకు మార్చావు?" అని మందుల షాపాయన వైపు తిరిగింది. "నువ్వు? నువ్వు?"

ఇస్త్రీ ఆవిడ పెట్టె మళ్ళీ చేతిలోకి తీసుకుంది. గుమాస్తాకి పనేదో గుర్తొచ్చింది. మందుల షాపాయన కౌంటరు మీద అరచేత్తో దుమ్ము తుడిచాడు.

"అప్పటి పరిస్థితి అలా ఉంది మేడమ్" అన్నాడు చివరికి.

అంతే. ఆ వీధి మొత్తంలో తాళాలాయనకి దక్కిన ఒప్పుకోలు ఆ ఒక్క వాక్యం. క్షమించమని కూడా కాదు. మేడమ్ ఆయాసపడుతుంటే తాళాలాయనే మెట్ల మీద కూర్చోబెట్టి మంచినీళ్ళు తెచ్చిచ్చాడు. ఆవిడ తాగుతూ, "కోపం తగ్గిందా?" అని అడిగింది.

"లేదండీ."

"తగ్గదులే. నాకైనా తగ్గదు" అంది.

ఆ తర్వాత కొందరు కబురు చేశారు, తాళం సరిగా పడట్లేదని, చెవి పోయిందని. "ఏమైపోయావయ్యా ఇన్నాళ్ళూ?" అని ఏమీ ఎరగనట్టు పలకరించారు. కొందరిళ్ళకి సెలవు రోజుల్లో వెళ్ళాడు. వెళ్ళినచోటల్లా ఇంటివాళ్ళని పక్కనే నిలబడమనేవాడు. వాళ్ళు మొహమాటపడి లోపలికి పోతే పని ఆపేసి, వాళ్ళు తిరిగొచ్చేదాకా గుమ్మం బయట నిలబడేవాడు. ఒకావిడ "మమ్మల్ని నమ్మవా ఏంటి?" అని నవ్వింది. ఆయన నవ్వలేదు. మెట్ల కింది కొట్టులో అప్పటికే ఫోన్ కవర్లమ్మే మనిషి దిగాడు. గోడౌన్ పని మానలేదు.

ఒక సెలవు రోజు పొద్దున ఆయన గడ్డం గీసుకుంటుంటే వాళ్ళావిడ వచ్చి తలుపు చట్రానికి ఆనుకుని నిలబడింది.

"ఆ మేడమ్ నయం. అందరి ముందూ చెప్పేసింది. నేనింకా చెప్పలేదు."

ఆయన అద్దంలోంచే చూశాడు.

"మీరు లేదన్నాక కూడా నాకు నమ్మకం కుదర్లేదు. కొన్నాళ్ళు. మీరు కొట్టుకెళ్ళాక అటకంతా వెతికాను. బియ్యం డబ్బాలో కూడా చెయ్యిపెట్టి చూశాను."

చేతిలో రేజరు ఆగిపోయింది. తిరిగి చూసి అడిగాడు, "ఎన్నాళ్ళు?"

"మీరు గోడౌనుకెళ్ళడం మొదలెట్టేదాకా. చేతులకి మేకుల గీతలతో వచ్చి, అన్నం తినలేక చెంచా అడిగారే, ఆ రోజుదాకా. అంత బంగారం దాచుకున్నవాడు ఈ చాకిరీ ఎందుకు చేస్తాడనిపించింది."

"అంటే అప్పుడు కూడా నన్ను చూసి నమ్మలేదు. మేకుల్ని చూసి నమ్మావు."

ఆవిడ కళ్ళ నీళ్ళు తుడుచుకోలేదు. ఆయనకి అరవాలనిపించింది. గిన్నెలేవైనా విసిరితే బాగుండుననిపించింది. వీధంతటి చేతా నిజం చెప్పించాలని తిరిగినవాడికి, ఇంట్లో నిజం చెప్పిన మనిషిని ఏం చెయ్యాలో తోచలేదు. బియ్యం డబ్బాలో మోచేతిదాకా చెయ్యి పెట్టి దేవుతున్న ఆవిడ కళ్ళ ముందుకొచ్చింది. ఉన్నట్టుండి నవ్వొచ్చింది. నవ్వొచ్చినందుకు ఇంకా కోపమొచ్చింది.

"బియ్యం డబ్బాలోనా?" అన్నాడు, సగం చెంప మీద నురగతో.

"ఊఁ" అంది.

"ఇన్నేళ్ళ నుంచీ చూస్తున్నావు. దాచాలంటే నేను అక్కడ దాస్తానా?"

ఆవిడ లోపలికి వెళ్ళి టీ పెట్టింది. ఆయన మిగిలిన సగం గీసుకుని, మొహం కడుక్కుని వచ్చి కూర్చున్నాడు. టీ తాగుతున్నంతసేపూ ఆవిడతో మాట్లాడలేదు. కానీ లేచి వెళ్ళిపోలేదు కూడా.